అక్కా, నీ ఇల్లు తనఖా పెట్టొద్దు

వాషర్‌మెన్‌పేట,
మద్రాసు.
ఆదివారం.

అక్కకు, బావగారికి తమ్ముడు చెంగయ్య చేతులెత్తి నమస్కరించి రాస్తున్నాను. ఇక్కడ నేను, రాజమ్మ, మా పిల్ల కమల ఒంట్లో బాగానే ఉన్నాం. నాయుడుపేటలో మీరిద్దరూ సుఖంగా ఉన్నారని తలుస్తాను. బావగారి మోకాలి నొప్పి తగ్గిందా? కుట్టుమిషను తొక్కడం కొన్నాళ్ళు మానమని నేను చెప్పానని చెప్పు. వినరనుకో, అయినా చెప్పు.

కుశలాలు ఇంతటితో ఆపుతున్నాను, కోప్పడకు. ఈ ఉత్తరానికి ఎక్కువ స్టాంపులు అంటించి, స్టేషను దగ్గరి పెద్ద పోస్టాఫీసులో వేస్తున్నాను. బుధవారంలోగా నీ చేతికి అందాలి. బుధవారం పప్పుల షావుకారు దగ్గర కాగితం రాయిస్తున్నామని, మీ ఇల్లు తనఖా పెట్టి మూడు వేలు తెచ్చి నాకు పంపుతామని నీ ఉత్తరంలో రాశావు. అక్కా, నీ కాళ్ళు పట్టుకుంటాను, ఆ కాగితం మీద సంతకం పెట్టొద్దు. బావగారిని కూడా పెట్టనివ్వొద్దు. మిగతా ఉత్తరం తరవాత తీరిగ్గా చదువుకో. ముందు ఎవరినైనా షావుకారు దగ్గరికి పంపి వద్దని చెప్పించు.

చెప్పించావా? సరే, ఇప్పుడు చదువు.

నా ఇంటి మీద అప్పిచ్చిన ఫండు కంపెనీ వాళ్ళు నోటీసు ఇచ్చారని మాత్రమే నీకు రాశాను. ఈ నెలాఖరులోగా మొత్తం బాకీ కట్టకపోతే ఇల్లు వేలం వేస్తారని రాశాను. ఎందుకు ఇంతవరకు వచ్చిందో రాయలేదు. సిగ్గేసింది. ఎనిమిదేళ్ళ కింద గృహప్రవేశానికి వచ్చినప్పుడు నువ్వు వీధి గుమ్మం ముందు నిలబడి, కొంగుతో కళ్ళు తుడుచుకుని, “మా వాడు మద్రాసులో ఇల్లు కట్టినాడబ్బా” అని వచ్చినవాళ్ళందరికీ చెప్పావు. నేను కట్టలేదు, కొన్నాను. కొనడం కూడా కాదని ఈ మధ్యనే తెలిసింది. అదంతా నీకు చెప్పాలి, లేకపోతే నేను ఎందుకు వద్దంటున్నానో నీకు అర్థం కాదు, మొండికేసి కాగితం రాయిస్తావు. నీ సంగతి నాకు తెలీదా.

రెండు నెలలుగా ఇక్కడ ఎండ మండిపోతోంది. కుళాయి దగ్గర బిందెలు వరసలో పెట్టి రాజమ్మ పొద్దున్నే నిలబడుతోంది. ప్రెస్సు మళ్ళీ తెరిచారని, నాకు పని మళ్ళీ దొరికిందని పోయిన ఉత్తరంలో రాశాను కదా. మూసిన ఆ నాలుగు నెలలూ రాయపురం రేవులో మూటలు లెక్కపెట్టే పని చేశాను. తిండికి సరిపోయింది, ఇంటి వాయిదాకు సరిపోలేదు. ఆ నాలుగు వాయిదాలు ఎగ్గొట్టినందుకే నోటీసు వచ్చిందని నేను అనుకున్నాను. నాలుగు ముప్ఫైన్నరలు ఎంత, నూట ఇరవై రెండు రూపాయలు. ఎనిమిదేళ్ళు కట్టాను కాబట్టి సగానికి పైగా తీరిపోయి ఉంటుంది, మిగిలిన సగం ఎలాగో గట్టెక్కుదాం అనుకున్నాను.

అలా అనుకుంటున్న రోజుల్లో ప్రెస్సుకు ఒక పని వచ్చింది. ఇళ్ళ మీద అప్పులిచ్చే మరో ఫండు వాళ్ళు చిన్న పుస్తకం అచ్చు వేయించుకుంటున్నారు. నేను ఇంగ్లీషు అక్షరాలు పేరుస్తాను కానీ చదవలేను, నీకు తెలుసు. కాపీలో ఏ అక్షరం ఉంటే ఆ అక్షరం తీసి పెడతాను, అంతే. ఆ పుస్తకంలో మాటలు తక్కువ, అంకెలు ఎక్కువ. అంకెలకు ఇంగ్లీషు రానక్కరలేదు. పేజీ పైన మూడు వేలు అని ఉంది, పదిహేనేళ్ళని ఉంది, నెలకు ముప్ఫై రూపాయల ఎనిమిది అణాలని ఉంది. అచ్చంగా నా అప్పే! నాకు సరదా వేసింది. సీసం అంకెలు ఒక్కొక్కటే పేరుస్తూ పోయాను.

మొదటి వరసలో ఒక గడిలో ఇరవై రెండున్నర, పక్క గడిలో ఎనిమిది. పైన ఏం రాసి ఉందని ప్రూఫులు చూసే అయ్యంగారిని అడిగాను. ఇరవై రెండున్నర వడ్డీ, ఎనిమిది అసలు అన్నాడాయన. నేను నవ్వాను. రెండు గడులూ తారుమారయ్యాయండీ, కాపీ తప్పు, ఫోర్‌మన్‌కి చెప్పి వెనక్కి పంపిద్దాం అన్నాను. నా తెలివికి నేనే మురిసిపోయాను కూడా.

“తప్పు లేదప్పా,” అన్నాడాయన ముక్కు మీద కళ్ళజోడు సర్దుకుంటూ. “మొదట్లో వడ్డీయే పెద్దది. నువ్వు కట్టేది ముందర వడ్డీకి పోతాది, మిగిలిందే అసలుకి. సగం ఆయుసు పోయినాక గానీ అసలు కదలదు.”

అక్కా, నేను పేరుస్తున్న పని ఆపేసి ఆ పేజీ కిందిదాకా వేలితో వెతుక్కుంటూ పోయాను. తొంభై ఆరో నెల దగ్గర, అంటే ఎనిమిదేళ్ళు ఒక్క రోజు కూడా తప్పకుండా కట్టిన మనిషికి, ఇంకా పద్దెనిమిది వందల ఎనభై ఒకటి బాకీ ఉంది. ఆఖరి వరసదాకా కట్టినవాడు మొత్తం ఐదు వేల నాలుగు వందల తొంభై కడతాడు. మూడు వేలు తెచ్చుకున్నవాడు! ఎనిమిదేళ్ళుగా నేను నెలకు ముప్ఫై గుణించుకుని, అంత తీరింది, ఇంత తీరింది అని రాజమ్మకు లెక్క చెప్తూ వచ్చాను. నా లెక్క విని ఆ పిచ్చిది ఎన్నిసార్లు సంతోషించిందో. ఆ రోజు మధ్యాహ్నం అన్నం డబ్బా తెరవలేదు.

మర్నాడు పని మానుకుని పురసవాక్కంలో మా ఫండు ఆఫీసుకు పోయాను. అక్కడ పద్దులు చూసే నాయుడు గారు మన తెలుగాయనే. వాళ్ళు ఎన్ని తరాలుగానో ఈ ఊళ్ళోనే ఉన్నారు. సౌమ్యుడు. నా పద్దు చూపించమని అడిగితే పెద్ద పుస్తకం తీశాడు.

“ఏమప్పా చెంగయ్యా, ఎనిమిదేండ్లయినాక లెక్క అడగను వచ్చినావే! సరి, ఈడ చూడు.”

పేజీ నిండా ఎర్ర సిరా. నాకు అర్థం కాలేదు. ఈ ఎర్రగీతలేమిటి సార్ అన్నాను.

“అవి నువ్వు గడువు తప్పిన నెలలు. ఎనిమిదో తేదీ లోపల కట్టితేనే నూటికి నెలకు ముప్పావలా వడ్డీ. మూడు తూర్లు తప్పితే ఆ రాయితీ పోయి రూపాయి వడ్డీ పడతాదని దస్తావేజులో ఉండాది. మొదటి సంవత్సరంలోనే మూడు తూర్లు తప్పినావు. నోటీసు కూడా పంపినామే.”

“ఒక్క రోజే కదా సార్ ఆలస్యం! తొమ్మిదో తేదీ పొద్దున్నే తెచ్చి కట్టాను కదా!”

“ఒక రోజయినా అంతే, ముప్పై రోజులయినా అంతే. నేనూ అనుకొంటి, ఈ మనిషి తప్పినప్పుడంతా బుధవారమో శనివారమో వస్తా ఉండాడే, ఏందిది అని. నీ ఇష్టం, అడిగేదానికి నేనెవురు?”

అక్కా, ఇప్పుడు రాయబోయేది రాయొద్దని రాజమ్మ నా చేతిలో కలం పట్టుకుంది. “ఆమెకి ఇది రాయబాకండి, ఆమె గుండె ఆగిపోతాది,” అంది. కానీ నువ్వు కాగితం రాయిస్తావేమోనన్న భయంతో రాస్తున్నాను.

గృహప్రవేశం నాడు నువ్వు రాజమ్మను దేవుడి పటం ముందు కూర్చోబెట్టి రెండు మాటలు చెప్పావు. జీతం డబ్బు ముందు లక్ష్మి దగ్గర పెట్టి, తరవాతే తియ్యాలి. మంగళవారం, శుక్రవారం, ఏ రోజైనా దీపం పెట్టిన తరవాత, డబ్బు గడప దాటకూడదు. మన ఇళ్ళలో ఎవరు చెప్పరు ఈ మాట? మా ప్రెస్సులో జీతం ఏడో తేదీ సాయంత్రం ఇస్తారు. నేను ఇంటికి చేరేసరికి దీపం పెట్టేసి ఉంటుంది. ఎనిమిదో తేదీ మంగళవారమో శుక్రవారమో అయిందంటే, ఇక తొమ్మిదో తేదీయే. నేను చొక్కా వేసుకుని బయల్దేరితే రాజమ్మ గుమ్మంలో అడ్డం నిలబడేది. “ఈ పొద్దు శుక్రవారం. మీ అక్క చెప్పింది మరిచిపోయినారా? ఒక్క రోజుకు ఏం మునిగిపోతాది?” అనేది. నేనూ సరేననేవాడిని. నిజం చెప్పాలంటే నాకూ అదే నమ్మకం. పైగా ఒక రూపాయి జుల్మానా వేసేవాళ్ళు, అది కూడా దేవుడికి హుండీలో వేసినట్టే అనుకుని కట్టేవాడిని. ఇరవై ఆరు సార్లు అలా కట్టాను.

ఆ నోటీసు సంగతి కూడా చెప్తాను, నవ్వుతావో ఏడుస్తావో నీ ఇష్టం. మొదటి ఏడాదే ఇంగ్లీషులో టైపు చేసిన కాగితం ఒకటి పోస్టులో వచ్చింది. పైన ఫండు ముద్ర చూసి, ఇంటి తాలూకు కాగితం కాబట్టి మంచిదే అయి ఉంటుందని పసుపు బొట్టు పెట్టి ట్రంకు పెట్టెలో దస్తావేజు నకలు మీద పెట్టాను. రోజంతా ఇంగ్లీషు అక్షరాలు పేర్చేవాడిని, ఆ కాగితం చదివి పెట్టమని ఒక్కరినీ అడగలేదు. ఎవరిని అడిగినా, వీడికి చదవడం రాదని తెలిసిపోతుందని అభిమానం. ఎనిమిదేళ్ళు దాని మీద బట్టలు పెట్టుకున్నాం.

ముప్పావలాకు, రూపాయికి పావలాయే కదా తేడా అని బావగారు అంటారు. నేనూ నాయుడు గారితో అదే అన్నాను. ఆయన కాగితం మీద వేసి చూపించాడు. నేను నెలనెలా కట్టే ముప్ఫై రూపాయల ఎనిమిది అణాల్లో ఇరవై తొమ్మిదింబావు వడ్డీకి పోయింది. అసలుకు జమ అయింది రూపాయింబావు. మొదట్లో ఎనిమిది రూపాయలు జమ అవుతున్నది కాస్తా రూపాయింబావు అయింది. ఇన్నేళ్ళూ రాజమ్మ పండక్కి చీర కొనుక్కోకుండా, కమల బడికి చెప్పుల్లేకుండా నడిచి, నేను టీ మానేసి మిగిల్చినదంతా కలిపితే, నెలకు రూపాయింబావు ఇల్లు కొనుక్కున్నాం.

మొత్తం చెప్తాను, గుండె చిక్కబట్టుకో. తెచ్చినది మూడు వేలు. తొంభై రెండు వాయిదాల్లో కట్టినది రెండు వేల ఎనిమిది వందల ఆరు. ఎగ్గొట్టిన నాలుగు నెలల వడ్డీ, వాటి జుల్మానాలు, వకీలు నోటీసు ఖర్చు కలిపి ఇప్పటికి బాకీ రెండు వేల తొమ్మిది వందల తొంభై మూడు. అంటే ఎనిమిదేళ్ళలో ఏడు రూపాయలు తీర్చాను. నాయుడు గారు ఆ అంకె కింద గీత గీసి, “నన్నేం చేయమంటావప్పా, పుస్తకం రాసేదే నా పని,” అన్నాడు. ఆయన కళ్ళలోకి చూస్తే ఆయనకే కష్టంగా ఉన్నట్టు అనిపించింది. నాకు మాత్రం ఆ బల్ల తిరగేసి కొట్టాలనిపించింది. ఎవరిని కొట్టాలి? సంతకం నాదే.

నీ మీద కోపం రాలేదని అబద్ధం చెప్పను. వచ్చింది. పురసవాక్కం నుంచి ఇంటిదాకా నడిచి వస్తూ, దారి పొడుగునా నిన్ను తిట్టుకున్నాను. రాజమ్మ మీద అరిచాను. కమల బెదిరిపోయి అరవంలో ఏదో అడిగితే దాని మీద కూడా అరిచాను. తరవాత వెళ్ళి అరుగు మీద కూర్చుంటే ఏడుపు వచ్చింది. నువ్వు మంచి కోరి చెప్పావు. మా మంచి కోరి చెప్పేవాళ్ళు నువ్వు కాక ఎవరున్నారు? అమ్మ పోయాక నాకు అన్నం కలిపి పెట్టిందానివి. అయినా దస్తావేజు రాసేటప్పుడు, ఎనిమిదో తేదీ శుక్రవారం అయితే ఏం చేస్తారని అడగవలసింది నేను. ఏడో తేదీ జీతం అందేవాడికి ఎనిమిదో తేదీ గడువు కుదరదు, పదిహేనో తేదీ పెట్టండని అడగవలసింది నేను. ఇల్లు వస్తోందన్న సంబరంలో ఎక్కడ చూపిస్తే అక్కడ సంతకం పెట్టాను.

ఆ సమయంలో నీ ఉత్తరం వచ్చింది. ఇల్లు తనఖా పెట్టి డబ్బు పంపుతానని రాశావు కదా, అది చదివి నేను సంతోషించాను. దాచను. మీరు చల్లగా ఉండాలని దండం పెట్టుకుని, వెంటనే సరేనని జవాబు రాశాను. ఆ జవాబు రెండు రోజులు నా చొక్కా జేబులో ఉంది. పోస్టు పెట్టె పక్కనుంచే ప్రెస్సుకు పోతాను. వేయలేకపోయాను. ఎందుకంటే ఆ రెండు రోజులూ ఆ ఫండు పుస్తకం పేజీలే పేరుస్తున్నాను. చేతులు అంకెలు పేరుస్తుంటే బుర్ర నీ షావుకారు లెక్క వేసింది.

రూపాయిన్నర వడ్డీ అని రాశావు. మూడు వేలకు నెలకు నలభై ఐదు రూపాయలు. బావగారు ఆ మోకాలితో నెలంతా మిషను తొక్కితే ఖర్చులు పోను ఎంత మిగులుతుందో నాకంటే నీకే బాగా తెలుసు. ఐదేళ్ళు కడతారు. రెండు వేల ఏడు వందలు వడ్డీ పోతుంది. అసలు మూడు వేలూ కదలకుండా అలాగే కూర్చుని ఉంటుంది. కట్టలేని నెల వడ్డీ అసలులో కలుస్తుంది, దానికి మళ్ళీ వడ్డీ. నాకు పంపిన డబ్బు నేనెప్పుడు తీరుస్తాను? ఫండుకు కట్టే ముప్ఫైన్నర నీకు పంపినా ఆ వడ్డీకే చాలదు. చివరికి ఆ వడ్డీ కింద నా ఇల్లూ పోతుంది, నువ్వు జాకెట్లు కుట్టి ఒక్కొక్క ఇటుకా పేర్చుకున్న ఆ రెండు గదులూ పోతాయి. అప్పుడు నేను ఏ మొహం పెట్టుకుని నాయుడుపేటలో రైలు దిగను? మన ఇద్దరిలో ఒక్కరికైనా నిజంగా సొంతమైన ఇల్లు ఉండాలి.

అందుకని ఈ ఉదయం ఒక పని చేశాను. రాజమ్మకు చెప్పే చేశాను. పక్కింటి సెల్వం గారని, రాయపురంలో ఎండుచేపల వ్యాపారం చేస్తారు, మంచి మనిషి. ఇల్లు ఆయనకు అమ్ముతూ ఒప్పందం మీద సంతకం పెట్టాను. ఈసారి ప్రతి మాటా అయ్యంగారి చేత చదివించుకున్నాను. మూడు వేల నాలుగు వందలకు కుదిరింది. వేలంలో అయితే అంత కూడా వచ్చేది కాదని అందరూ అన్నారు. ఫండు బాకీ ఆయనే నేరుగా కట్టేస్తారు. నా చేతికి నాలుగు వందల ఏడు రూపాయలు వస్తాయి. అందులో రెండు వందలు గృహప్రవేశం నాడు నువ్వు గాజులమ్మి ఇచ్చినవి, మనియార్డరు చేస్తాను. తిట్టు, పడతాను, కానీ తిప్పి పంపకు.

సంతకం అయ్యాక రాజమ్మ కొంగు దోపుకుంది. లోపలికి పోయి, ఇల్లంతా మామూలు ఆదివారంలాగే కడిగింది. నేను వద్దన్నా వినకుండా తలుపు వెనకాల మూలలు కూడా కడిగింది. అది చూడలేక నేను వీధిలోకి వచ్చేశాను. అక్కా, నాకు ఇక్కడ మనసు విప్పి చెప్పుకోవడానికి ఎవరూ లేరు. ఇన్నేళ్ళున్నా ఈ ఊళ్ళో నా భాషలో ఏడవడానికి నువ్వు రాసే ఉత్తరం ఒక్కటే ఉంది. తరచుగా రాస్తుండు.

బావగారికి నా నమస్కారాలు. వీలైతే ఇటు వచ్చేవాళ్ళ చేత రెండు శేర్లు మొలగొలుకులు పంపు, కమలకు మన బియ్యం అన్నం తిని చాలా కాలమైంది. మీ ఇద్దరి ఆశీర్వాదం మా మీద ఉంటే చాలు. మా గురించి బెంగపడకు. కూడు, గుడ్డ, నీడ ఉన్నాయి. ఇల్లు ఖాళీ చేయనక్కరలేదు. సెల్వం గారు ఇక్కడే ఉండమన్నారు. నెలకు ఇరవై రెండు రూపాయలు అద్దె. ఇన్నాళ్ళూ సొంతమని కట్టిన దానికంటే ఎనిమిదిన్నర తక్కువ.

అందుకని చిరునామా మారదు. అదే సందు, అదే నంబరు. ఇక మీదట రాసేటప్పుడు మాత్రం నా పేరు కింద కేరాఫ్ సెల్వం గారు అని రాయి.

నీ తమ్ముడు,
చెంగయ్య